పైలు పునాది

పైలు పునాది లోతైన పునాదులలో ఒక రకం. నేల పైపొరలు కట్టడం బరువును మోయలేనప్పుడు, ఆ బరువును లోపలి పొరలకు చేరవేయడానికి భూమిలోకి నిలువుగా దించే పొడవాటి స్తంభాన్ని పైలు అంటారు. పైళ్ళను కర్రతోను, ఉక్కుతోను, కాంక్రీటుతోను చేస్తారు. వాడుకలో ఈ పనిని పైలింగ్ అని పిలుస్తారు. వంతెనలు, ఓడరేవులు, బహుళ అంతస్తుల భవనాలు, విద్యుత్ కేంద్రాలు వంటి భారీ కట్టడాలకే గాక, నల్లరేగడి నేలలలో కట్టే చిన్న ఇళ్ళకు కూడా పైళ్ళు ఉపయోగిస్తారు.

పైలు ఏ రకానిది, ఎంత లావు, ఎంత పొడవు, ఎన్ని కావాలి అన్న విషయాలు కట్టడం బరువును బట్టి మాత్రమే తేలవు. ఒకే నమూనా భవనాన్ని హైదరాబాదులో రాతినేల మీద, కోనసీమలో ఒండ్రు నేల మీద, కర్నూలు ప్రాంతంలో నల్లరేగడి మీద కడితే మూడు చోట్లా పునాది మూడు విధాలుగా ఉంటుంది. ఒక చోట చక్కగా పనిచేసిన పైలు నమూనాను నేలను పరీక్షించకుండా మరొక చోట వాడితే, గోడలు బీటలు వారడం మొదలుకొని భవనం ఒరిగిపోవడం వరకు ఏ ప్రమాదమైనా జరగవచ్చు.

చరిత్ర

మెత్తని నేలలో కర్ర దుంగలు దిగగొట్టి వాటిపై ఇళ్ళు కట్టుకోవడం చాలా ప్రాచీనమైన పద్ధతి. ఐరోపాలోని ఆల్ప్స్ పర్వతాల చుట్టూ ఉన్న సరస్సుల ఒడ్డున నవీన శిలాయుగం నాటి ఇటువంటి నివాసాల అవశేషాలు దొరికాయి. 2011లో యునెస్కో వీటిని ప్రపంచ వారసత్వ స్థలాలుగా గుర్తించింది. క్రీ.పూ. 55లో జూలియస్ సీజర్ రైన్ నది మీద కట్టించిన వంతెనకు కర్ర పైళ్ళే ఆధారం. ఇటలీలోని వెనిస్ నగరం దగ్గర దగ్గరగా దిగగొట్టిన కర్ర దుంగల మీద నిలిచి ఉన్నది. ఎల్లప్పుడూ నీటిలోనే మునిగి ఉండే కర్రకు ప్రాణవాయువు సరిగా అందదు కనుక అది త్వరగా కుళ్ళిపోదు. నీటిమట్టం తరచుగా హెచ్చుతగ్గులకు లోనయ్యే చోట మాత్రం కర్ర పైలు ఎక్కువ కాలం మన్నదు. అనగా ఆ పద్ధతి కూడా స్థానిక పరిస్థితికి తగినదే గాని, అంతటా పనికివచ్చేది కాదు.

19వ శతాబ్దం చివరి నుండి కాంక్రీటు పైళ్ళు వాడుకలోకి వచ్చాయి. 1925లో కార్ల్ టెర్జాగి ప్రచురించిన గ్రంథంతో మృత్తికా యాంత్రిక శాస్త్రం ఒక ప్రత్యేక శాస్త్రంగా రూపుదిద్దుకున్నది. అంతకు ముందు మేస్త్రీల అనుభవం మీద ఆధారపడిన పునాది పని, ఆ తరువాత మట్టి పరీక్షల మీద, లెక్కల మీద ఆధారపడసాగింది. భారతదేశంలో పైలు పునాదుల రూపకల్పనకు, నిర్మాణానికి, పరీక్షకు సంబంధించిన నియమాలు ఐ.ఎస్. 2911 అనే ప్రమాణంలో ఉన్నాయి. ఇందులో కాంక్రీటు పైళ్ళకు, కర్ర పైళ్ళకు, నల్లరేగడిలో వాడే ఉబ్బు పైళ్ళకు, బరువు పరీక్షకు వేర్వేరు భాగాలు కలవు.

పైలు బరువును మోసే విధానం

పైలు రెండు విధాలుగా బరువును మోస్తుంది.

1. మొన ఆనిక: పైలు అడుగు భాగం గట్టి పొర మీద ఆని, బరువును నేరుగా ఆ పొరకు అందజేస్తుంది. రాతి మీద నిలిచే పైలు ముఖ్యంగా ఈ విధంగా పనిచేస్తుంది.
2. పక్క రాపిడి: పైలు పొడవునా దాని ఒంటికీ చుట్టూ ఉన్న మట్టికీ మధ్య కలిగే రాపిడి వల్ల బరువు మట్టిలోకి చేరుతుంది. తడి మట్టిలో పాతిన గుంజను పైకి లాగడం ఎంత కష్టమో గమనిస్తే ఈ శక్తి అర్థమవుతుంది.

సాధారణంగా ప్రతి పైలులోనూ ఈ రెండూ కొంత కొంత ఉంటాయి. బంకమట్టిలో ఈ బలాలను మట్టి యొక్క అంటుకొనే బలాన్ని బట్టి లెక్కకడతారు. బంకమట్టి అంటుకొనే బలానికి సుమారు 9 రెట్లు మొన ఆనికగా తీసుకొంటారు. పక్క రాపిడికి, మెత్తని బంకమట్టిలో అంటుకొనే బలాన్ని దాదాపు పూర్తిగా, గట్టి బంకమట్టిలో అందులో సగం లేదా అంతకంటె తక్కువ భాగాన్ని లెక్కలోకి తీసుకొంటారు. ఇసుకలో అంటుకొనే గుణం లేదు. అక్కడ బలం రేణువుల మధ్య రాపిడి మీద, పైనున్న మట్టి కలిగించే ఒత్తిడి మీద ఆధారపడుతుంది. ఈ విధంగా వచ్చిన మొత్తం బలాన్ని భద్రతా గుణకంతో భాగిస్తే పైలు మీద ఉంచదగిన బరువు వస్తుంది. మట్టి బలాన్ని బట్టి వేసే లెక్కలకు ఈ గుణకం సాధారణంగా 2.5కు తగ్గకూడదు.

నేల పరీక్ష

రూపకల్పనకు ముందు స్థలంలో కొన్ని చోట్ల బోర్లు వేసి, ఏ లోతులో ఏ మట్టి ఉన్నదో, భూగర్భ జలమట్టం ఎక్కడ ఉన్నదో నమోదు చేస్తారు. బోరు వేసేటప్పుడే ప్రామాణిక చొచ్చుకుపోయే పరీక్ష కూడా చేస్తారు. ఇందులో 63.5 కిలోల సుత్తిని 75 సెంటీమీటర్ల ఎత్తు నుండి పదే పదే జారవిడిచి, ఒక గొట్టాన్ని బోరు అడుగున 45 సెంటీమీటర్లు దింపుతారు. చివరి 30 సెంటీమీటర్లు దిగడానికి పట్టిన దెబ్బల సంఖ్యను ఆ లోతుకు చెందిన సంఖ్యగా గుర్తిస్తారు. నాలుగైదు దెబ్బలకే దిగితే అది చాలా వదులు నేల. 50 దెబ్బలు దాటితే చాలా గట్టి నేల. గొట్టంలో చిక్కిన మట్టిని ప్రయోగశాలకు పంపి, దాని తేమ, ఉబ్బే గుణం, లవణాలు మొదలైనవి పరీక్షిస్తారు.

బోరును పైలు చివరి వరకు వేసి ఆపివేయడం సరికాదు. పైళ్ళ ద్వారా దిగిన బరువు ఇంకా కింది పొరల మీద కూడా పడుతుంది కనుక, పైలు మొన కంటె తగినంత దిగువ వరకు నేలను తెలుసుకోవలసి ఉంటుంది.

నేలను బట్టి పైలు

రాతి నేల

హైదరాబాదు, దాని పరిసరాలలో గ్రానైటు రాయి చాలా చోట్ల తక్కువ లోతులోనే తగులుతుంది. అటువంటి చోట్ల మామూలు పునాదులే సరిపోతాయి. పైళ్ళు అవసరమైతే అవి పొట్టిగా ఉండి, రాతిలోకి కొంత లోతు తొలిచి కూర్చోబెట్టబడతాయి. ఇక్కడ ఎదురయ్యే చిక్కు వేరు. గ్రానైటు శిథిలమయ్యేటప్పుడు మెత్తబడిన మట్టి మధ్యలో పెద్ద పెద్ద గుండ్లు మిగిలిపోతాయి. బోరుకు తగిలిన గుండునే మాతృశిలగా పొరబడితే, పైలు ఒక గుండు మీద నిలుస్తుంది. ఆ గుండు కింద మెత్తని మట్టి ఉండవచ్చు. అందువల్ల రాయి తగిలిన తరువాత కూడా కొన్ని మీటర్లు తొలిచి రాతి కడ్డీలను బయటకు తీస్తారు. వాటిలో 10 సెంటీమీటర్ల కంటె పొడవైన ముక్కల మొత్తం, తొలిచిన పొడవులో ఎంత శాతమో చూచి రాయి నాణ్యతను అంచనా వేస్తారు.

మెత్తని బంకమట్టి

కృష్ణా, గోదావరి డెల్టాలలోను, విశాఖపట్నం ఓడరేవు పరిసరాల వంటి తీర ప్రాంతాలలోను మెత్తని బంకమట్టి చాలా లోతు వరకు ఉన్న చోట్లు కలవు. ఇక్కడ పైళ్ళు పొడవుగా ఉండి, మెత్తని పొరను దాటి కింది గట్టి పొరలోకి దిగవలసి ఉంటుంది.

ఈ నేలలో ముఖ్యంగా గమనించవలసినది వ్యతిరేక రాపిడి. పల్లపు స్థలాన్ని మెరక చేయడానికి దాని మీద మట్టి పోస్తారు. ఆ మట్టి బరువుకు కింది బంకమట్టిలోని నీరు నెమ్మదిగా బయటకు పోయి, పొర కొన్ని సంవత్సరాల పాటు కుంగుతూ ఉంటుంది. అప్పటికే అక్కడ పైలు ఉంటే, కుంగుతున్న మట్టి దానిని తనతో పాటు కిందికి లాగుతుంది. పైలును మోయవలసిన మట్టి పైలు మీద బరువుగా మారుతుంది. చెరువులను, కుంటలను పూడ్చిన స్థలాలలోను, భూగర్భ జలాన్ని అతిగా తోడివేసే చోట్లలోను కూడా ఇదే జరుగుతుంది.

ఒక లెక్క

ఈ విషయం ఉదాహరణతో స్పష్టమవుతుంది. ఒక స్థలంలో పైన 12 మీటర్ల మందాన మెత్తని బంకమట్టి, దాని కింద గట్టి బంకమట్టి ఉన్నవనుకుందాం. మెత్తని మట్టి అంటుకొనే బలం చదరపు మీటరుకు 2 టన్నులు, గట్టి మట్టిది 10 టన్నులు. పైలు వ్యాసం 50 సెంటీమీటర్లు. అప్పుడు దాని చుట్టుకొలత 1.57 మీటర్లు, అడుగు వైశాల్యం 0.196 చదరపు మీటర్లు. పైలు మొత్తం పొడవు 18 మీటర్లు. అనగా చివరి 6 మీటర్లు గట్టి మట్టిలో ఉంటాయి.

* మెత్తని పొరలో పక్క రాపిడి: 12 × 1.57 × 2 = 37.7 టన్నులు
* గట్టి పొరలో పక్క రాపిడి (సగం లెక్కన): 6 × 1.57 × 10 × 0.5 = 47.1 టన్నులు
* మొన ఆనిక: 9 × 10 × 0.196 = 17.6 టన్నులు
* మొత్తం: 102.4 టన్నులు

దీనిని 2.5తో భాగిస్తే సుమారు 41 టన్నులు వస్తుంది. కనుక ఈ పైలు మీద 40 టన్నుల బరువు ఉంచవచ్చునని తేలుతుంది. అదే పైలును 12 మీటర్ల వద్దనే ఆపివేస్తే మోయగలిగేది 16 టన్నులు మాత్రమే. పొడవు ఒకటిన్నర రెట్లు అయితే బలం రెండున్నర రెట్లు అయినది.

ఇప్పుడు భవనం పూర్తి అయిన తరువాత చుట్టూ రెండు మీటర్ల ఎత్తున మట్టి పోశారనుకుందాం. మెత్తని పొర మొత్తం కుంగితే, అంతకు ముందు పైలును పట్టి ఉంచిన 37.7 టన్నుల రాపిడి దిశ మార్చుకొని కిందికి లాగుతుంది. పైలు మీద పడే బరువు 40 + 37.7 = 77.7 టన్నులు. దానిని నిలబెట్టడానికి మిగిలినది గట్టి పొరలోని 47.1 + 17.6 = 64.7 టన్నులే. భద్రతా గుణకం మాట అటుంచి, అసలు బలమే చాలదు. పైలు కుంగక తప్పదు. కొత్తగా పోసిన మట్టి రాపిడిని ఈ లెక్కలో చేర్చలేదు. కాంక్రీటులోగాని, ఇనుములోగాని ఏ లోపమూ లేకుండానే పునాది విఫలమైనది.

దీనికి నివారణ మార్గాలు ఉన్నాయి. మెరక చేసే మట్టిని ముందుగానే పోసి, నేల కుంగేవరకు ఆగి ఆ తరువాత పైళ్ళు వేయవచ్చు. నీరు త్వరగా బయటకు రావడానికి నేలలో నిలువు కాలువలు అమర్చవచ్చు. ముందుగా తయారు చేసిన పైళ్ళకు మెత్తని పొరలో ఉండే భాగం మేర తారు పూత పూయవచ్చు. లేదా పైళ్ళను ఇంకా లోతుగా దింపి, అదనపు బరువును లెక్కలో చేర్చుకోవచ్చు.

నల్లరేగడి

నల్లరేగడిలో మాంట్‌మొరిల్లొనైట్ అనే ఖనిజం ఎక్కువగా ఉంటుంది. ఇది వర్షాకాలంలో నీటిని పీల్చి ఉబ్బుతుంది, వేసవిలో ఎండి కుదించుకొని నోళ్ళు తెరుస్తుంది. ఈ నేల మీద లోతు తక్కువ పునాదితో కట్టిన ఇల్లు ప్రతి సంవత్సరం పైకి లేచి కిందికి దిగుతూ ఉంటుంది. గోడలలో ఏటవాలుగా బీటలు పడతాయి, తలుపులు బిగుసుకుపోతాయి. బరువైన భవనాల కంటె తేలికైన ఒక అంతస్తు ఇళ్ళకే ఈ బాధ ఎక్కువ. ఉబ్బే మట్టిని అణచి ఉంచడానికి వాటి బరువు చాలదు.

తేమలో ఋతువులను బట్టి కలిగే మార్పు సుమారు 3.5 మీటర్ల లోతుకు మించి అంతగా ఉండదు. ఈ విషయం ఆధారంగా రూర్కీలోని కేంద్ర భవన నిర్మాణ పరిశోధనా సంస్థ 1950వ దశకంలో ఉబ్బు పైలును అభివృద్ధి చేసింది. దీనిని అండర్ రీమ్డ్ పైలు అంటారు. నేలలో సన్నని గుంట తవ్వి, కదలిక లేని లోతులో ప్రత్యేకమైన పరికరంతో దానిని గిన్నె ఆకారంలో వెడల్పు చేసి, ఇనుప కడ్డీలు దించి కాంక్రీటు నింపుతారు. ఉబ్బు వ్యాసం సాధారణంగా పైలు వ్యాసానికి 2.5 రెట్లు ఉంటుంది. పైలు వ్యాసం 30 సెంటీమీటర్లయితే ఉబ్బు 75 సెంటీమీటర్లు. అప్పుడు అడుగు వైశాల్యం 6.25 రెట్లు అవుతుంది. ఈ ఉబ్బు బరువును మోయడమే గాక, పైమట్టి ఉబ్బినప్పుడు పైలు పైకి లేవకుండా లంగరు వలె పట్టి ఉంచుతుంది. నల్లరేగడి లోతుగా ఉన్న చోట పైలు పొడవు 3.5 మీటర్లకు తగ్గరాదు.

పైళ్ళను కలుపుతూ వేసే గ్రేడ్ బీమును నేలకు ఆనించకూడదు. దాని కింద కనీసం 80 మిల్లీమీటర్ల ఖాళీ వదలాలి. ఈ ఖాళీని మట్టితో నింపివేస్తే, ఉబ్బిన మట్టి బీమును పైకి నెట్టుతుంది. పైళ్ళ కోసం పెట్టిన ఖర్చు వృథా అవుతుంది.

వదులు ఇసుక

వదులైన ఇసుకలో దిగగొట్టే పైళ్ళు వేస్తే చుట్టూ ఉన్న ఇసుక అదిమివేయబడి గట్టిపడుతుంది. కాని నీటితో నిండిన వదులు ఇసుకకు భూకంప సమయంలో ఒక ప్రమాదం ఉన్నది. కంపనాలకు రేణువులు సర్దుకోబోగా మధ్యనున్న నీటి పీడనం పెరిగి, ఇసుక తన బలాన్ని కోల్పోయి కొంతసేపు ద్రవం వలె ప్రవర్తిస్తుంది. 1964లో జపానులోని నీగట భూకంపంలో ఈ కారణంగా అనేక భవనాలు, వంతెనలు దెబ్బతిన్నాయి.

26 జనవరి 2001న గుజరాత్‌లో సంభవించిన భుజ్ భూకంపంలో కాండ్లా ఓడరేవులోని 22 మీటర్ల ఎత్తు గల కార్యాలయ టవరు ఒరిగింది. దాని కింద 18 మీటర్ల పొడవు గల 32 కాంక్రీటు పైళ్ళు ఉన్నాయి. అవి సుమారు 10 మీటర్ల బంకమట్టిని దాటి ఇసుక పొరలో ఆగాయి. భూకంపంలో ఆ ఇసుక బలం కోల్పోవడంతో పైళ్ళ మొనలకు ఆధారం తగ్గి, టవరు పైభాగం సుమారు 30 సెంటీమీటర్లు పక్కకు జరిగింది. టవరు కూలిపోలేదు. ఇటువంటి చోట్ల పైలు ఆ ఇసుక పొరను పూర్తిగా దాటి గట్టి పొరలోకి దిగాలి. ఇసుక పొరలో పక్క రాపిడిని లెక్కలోకి తీసుకోకూడదు. మెత్తని పొర, గట్టి పొర కలిసే చోట పైలు వంగే అవకాశం ఎక్కువ కనుక అక్కడ ఇనుము సరిపడినంత ఉండాలి.

పైళ్ళ సమూహం

ఒక స్తంభం కింద సాధారణంగా కొన్ని పైళ్ళు వేసి, వాటి తలలను పైల్ క్యాప్ అనే మందపాటి కాంక్రీటు దిమ్మెతో కలుపుతారు. గట్టి పొర మీద ఆనే పైళ్ళ మధ్య దూరం వ్యాసానికి కనీసం 2.5 రెట్లు, రాపిడితో మోసే పైళ్ళ మధ్య కనీసం 3 రెట్లు ఉండాలి. దగ్గరగా ఉన్న పైళ్ళు ఒకే మట్టి మీద ఆధారపడతాయి కనుక, బంకమట్టిలో పది పైళ్ళ సమూహం ఒక పైలుకు పది రెట్లు మోయకపోవచ్చు. అంతేగాక ఒంటరి పైలు ప్రభావం చేరని లోతైన పొరలకు కూడా సమూహం బరువు చేరుతుంది.

అమెరికాలోని శాన్ ఫ్రాన్సిస్కోలో 2009లో ప్రారంభమైన 58 అంతస్తుల మిలీనియం టవరు దీనికి ఉదాహరణ. దాని పైళ్ళు మాతృశిల వరకు వెళ్ళక, పైనున్న గట్టి ఇసుక పొరలో ఆగాయి. ఆ ఇసుక కింద ఉన్న పాత బంకమట్టి పొర కుదించుకుపోగా, 2016 నాటికి భవనం సుమారు 40 సెంటీమీటర్లు కుంగి, ఒక పక్కకు ఒరిగింది. తరువాత మాతృశిల వరకు 18 కొత్త పైళ్ళు దింపి, 2023లో బలపరిచే పనిని పూర్తిచేశారు.

నిర్మాణ పద్ధతులు

దిగగొట్టే పైళ్ళను ముందుగా తయారు చేసి సుత్తి యంత్రంతో నేలలోకి దింపుతారు. చప్పుడు, అదురు ఎక్కువ కనుక పాత భవనాల పక్కన ఇవి అనుకూలం కావు. బోరు పైళ్ళకు ముందు గుంట తొలిచి, ఇనుప కడ్డీల బోను దించి, అక్కడికక్కడే కాంక్రీటు పోస్తారు. గుంట గోడలు కూలకుండా ఉక్కు గొట్టం గాని, బెంటొనైట్ అనే బంకమట్టి కలిపిన నీరు గాని వాడతారు. నీరున్న గుంటలో కాంక్రీటును పైనుండి పోస్తే సిమెంటు కొట్టుకుపోతుంది. అందువల్ల ట్రెమీ అనే పొడవాటి గొట్టాన్ని అడుగు వరకు దించి, కాంక్రీటు కింది నుండి పైకి నిండేటట్లు చేస్తారు. గుంట అడుగున చేరిన బురదను కాంక్రీటుకు ముందు తీసివేయాలి. తీయకపోతే పైలు గట్టి పొర మీద గాక బురద మీద నిలుస్తుంది.

సముద్ర తీరంలోను, ఉప్పు నేలలలోను లవణాలు ఇనుమును, సిమెంటును దెబ్బతీస్తాయి. అక్కడ తగిన సిమెంటును ఎంచుకొని, కడ్డీల మీద కాంక్రీటు కప్పు మందాన్ని పెంచుతారు.

బరువు పరీక్ష

లెక్క ఎంత జాగ్రత్తగా వేసినా, నేల అంతటా ఒకే విధంగా ఉండదు. కనుక స్థలంలోనే పైలు మీద బరువు ఉంచి పరీక్షిస్తారు. పని మొదలు పెట్టే ముందు విడిగా వేసిన పైలు మీద జరిపేది ప్రారంభ పరీక్ష. కట్టడంలో భాగమైన పైలు మీద జరిపేది సాధారణ పరీక్ష. సాధారణ పరీక్షలో రూపకల్పన బరువుకు 1.5 రెట్లు ఉంచి, పైలు ఎన్ని మిల్లీమీటర్లు కుంగినదో కొలుస్తారు. పైలు తలపై చిన్న సుత్తితో కొట్టి, తిరిగి వచ్చే తరంగాన్ని బట్టి లోపల విరుగుడు గాని, సన్నబడిన చోటు గాని ఉన్నదేమో కూడా తెలుసుకోవచ్చు.

ఈ పరీక్షలకు ఒక పరిమితి ఉన్నది. బరువు పరీక్ష సాధారణంగా కొన్ని గంటలు లేదా రోజులు మాత్రమే జరుగుతుంది. బంకమట్టి సంవత్సరాల తరబడి కుంగడం, రేగడి ఋతువులను బట్టి కదలడం, సమూహం బరువు లోతైన పొరలకు చేరడం ఇందులో కనిపించవు. పైన చెప్పిన ఉదాహరణలోని పైలు, మట్టి పోయక ముందు పరీక్షించి ఉంటే, 60 టన్నుల పరీక్షలో నెగ్గి ఉండేది. కాబట్టి బరువు పరీక్ష నేల పరీక్షకు తోడ్పడేదే గాని, దానికి బదులు కాదు.

ఇవి కూడా చూడండి

* పునాది
* నల్లరేగడి నేల
* బంకమట్టి
* భూకంపం
* కాంక్రీటు